పెద్దమ్మ పొడిగుడ్డ

1974 నవంబర్ 27, బుధవారం. ఈ రోజు మొదటి ఆశ్చర్యం పొగ. పొద్దున కిటికీ తీస్తే, మా వాడకట్టు చివర బేకరీ గొట్టంలోంచి సన్నగా పొగ వస్తోంది. ఆ పొయ్యి వెలిగించే మా పెద్దమ్మ ఈ నెల మొదట్లోనే పోయింది. జ్వరమన్నారు, ఆసుపత్రి అన్నారు, అంతలోనే లేదన్నారు. దినాలు అయిపోయాక కూడా అక్క ఆ తలుపు తీయలేదు. అక్క అంటే పెద్దమ్మ ఒక్కగానొక్క కూతురు.

నిజామాబాద్ స్టేషన్ దారిలో నడిచేవాళ్లలో చాలామంది పెద్దమ్మ చాక్లెట్ వేఫర్ బిస్కెట్లు తినే ఉంటారు. తిననివాళ్లకు ఎలా చెప్పాలి? అప్పడమంత పల్చటి రేకులు, వాటి మధ్య మెత్తటి పూత, పైన నల్లగా నిగనిగలాడే చాక్లెట్. కొరికితే వచ్చే చప్పుడుకు సరైన మాట కోసం నేను చాలా రోజులు వెతికాను. 'కరకర' మరీ మొరటు. 'చిటుక్కు' కొంచెం దగ్గర. పెద్దమ్మ నవ్వేది: "మాట దొరకకపోతే ఇంకోటి తిను బిడ్డా, దొరుకుతది."

పెద్దమ్మ భర్త, మా పెద్దబాపు, బోధన్ చక్కెర ఫ్యాక్టరీ అతిథిగృహంలో వంట చేసేవాడు. అక్కడ పాతబడి పక్కన పడేసిన వేఫర్ పెనాన్ని అడిగి తెచ్చుకున్నాడు. రెండు ఇనుప రెక్కలు, పొడుగాటి పిడులు, లోపల గళ్లు గళ్లుగా చెక్కడం. చర్చిల్లో పంచే పల్చటి రొట్టె నుంచే ఈ రేకులు పుట్టాయని, తీపి తర్వాత చేరిందని, చాక్లెట్ మరీ ఆలస్యంగా వచ్చిందని ఎవరో అతిథి చెప్పాడట. ఆ కథ చెప్పేటప్పుడు పెద్దబాపు పాతకాలం నాటి చుట్టాల గురించి చెప్పినట్టే చెప్పేవాడు. ఆయన పోయాక పెనం పెద్దమ్మ చేతికి వచ్చింది.

పల్చటి మైదా పిండిని గరిటెతో పోసి రెక్కలు మూస్తే ఆవిరి బుస్సుమనేది. చాక్లెట్ పని మాత్రం చలికాలంలోనే, అదీ పొద్దెక్కకముందే. "చలి మనకు ఫుకట్ల వచ్చిన ఐసుపెట్టె," అనేది. చాక్లెట్ కరిగించే గిన్నె దగ్గరికి వచ్చేవాళ్లెవరైనా ముందు తలుపు పక్కన మేకుకు వేలాడే పొడిగుడ్డతో చేతులు తుడుచుకోవాలి. చుక్క తడి ఉన్నా లోపలికి రానిచ్చేది కాదు.

ఆ నియమం అక్క వల్లే వచ్చింది. బోధన్ చెరుకు ఊళ్లలో పెరిగినవాళ్లకు ఒక అలవాటు ఉంటుంది. పొయ్యి మీద బెల్లం పాకం ముదిరితే కాసిన్ని నీళ్లు చిలకరిస్తారు, అది వదులవుతుంది. చిన్నప్పుడు ఒకసారి చాక్లెట్ చిక్కబడుతోందని అక్క కూడా నీళ్లు చిలకరించింది. చాక్లెట్ వదులు కాలేదు. క్షణంలో బిగుసుకుపోయి, గరుకుగా మట్టిముద్దలా అయింది. అక్క ఏడుపు అందుకుంది.

"ఏడుస్తవేందే? సచ్చిందా అది? పాలు కాగవెట్టు," అంది పెద్దమ్మ. వేడి పాలు కొంచెం కొంచెం పోస్తూ కలిపితే ముద్ద మళ్లీ నునుపెక్కింది. కానీ పై పూతకు కావలసినంత గట్టిపడదు. అందుకని రేకుల మధ్య రాసింది. అప్పటివరకూ అక్కడ ఉత్త చక్కెర పూతే ఉండేది. పాలపూత రేకుల్ని తొందరగా మెత్తబరుస్తుంది కాబట్టి కొన్న పూటే తినాలి. అయినా జనం అదే అడగసాగారు.

కోస్తా నుంచి వచ్చి వర్ని క్యాంపులో స్థిరపడ్డ రైతు ఒకాయన కొరికి ఆగిపోయాడు. "అక్కగారూ, లోపల ఇదేంటండీ, ఇంత బాగుంది?"

"మా పిల్ల కనివెట్టింది," అంది పెద్దమ్మ, గర్వంగా.

ఆ పిల్ల మాత్రం మళ్లీ చాక్లెట్ గిన్నె ముట్టలేదు. రేకులు కాల్చేది, కోసేది, కాగితాల్లో చుట్టేది. రేకుల్ని చాక్లెట్లో ముంచడం మాత్రం తల్లికే వదిలేసేది. పోయేముందు జ్వరంతో మంచంలో ఉన్నప్పుడు కూడా పెద్దమ్మ అడిగింది: "నేను సూస్తుండంగ ఒక్కపారి ముంచరాదే?"

"నేను ముట్టుకుంటే మళ్ల మట్టిముద్దే అయితదమ్మా."

"కానీయ్. నువ్వు చెడగొడితెనే గద మన బేరం పెరిగింది!"

నిన్న ఆ క్యాంపు రైతు వచ్చాడు. కూతురి నిశ్చితార్థం రేపే, గురువారం. పళ్లేల్లోకి బిస్కెట్లు ఇస్తానని పెద్దమ్మ ఎప్పుడో మాటిచ్చింది. "ఇబ్బంది పడకండమ్మా, మిఠాయి తీసుకెళ్తాంలెండి," అన్నాడు పాపం. అక్క తల వంచుకుని, ఏమనుకుందో ఏమో, "బేస్తారం పొద్దుగాల రాండ్రి. అమ్మ ఇస్తనన్నది గద, ఇస్తం," అనేసింది.

పొగ చూసి పరుగెత్తాను. అక్క రేకులు కాలుస్తోంది.

"భయమైతలేదా?"

"ఎందుకు కాదు? మస్తయితుంది. పాలాయనకు రేపు ఇంకో సేరు ఎక్కువ పొయ్యమని చెప్పిన. చెడిపోతే మధ్యల రాద్దాం. ఇంకింత చాక్లెట్ కరిగిద్దాం." నవ్వింది. నవ్వితే అచ్చం పెద్దమ్మే.

సాయంత్రం మళ్లీ వెళ్లాను. రేకులు డబ్బాల్లో సర్ది ఉన్నాయి. పెద్దమ్మ పొడిగుడ్డను ఉతికి దండెం మీద ఆరేసింది అక్క. ఎండలో ఇంతసేపు ఉన్నా నమ్మకం లేక, అంచులు వేళ్లతో నలిపి చూసి తెచ్చి మేకుకు తగిలించింది.

"కోడి కూసే యాళ్లకు రా," అంది. "చేతులు తుడుసుకోని రా."