పాత సాఫ్ట్‌వేర్ మీద రెండు నివేదికలు

కరోనా ఆంక్షలు ఎత్తేశాక వచ్చిన మొదటి చలికాలంలో, కువైట్ షువైఖ్ పారిశ్రామిక వాడలోని మా సైన్‌బోర్డుల కంపెనీ నాకొక పని అప్పగించింది. అప్పుడు నేను ప్రొడక్షన్ సూపర్‌వైజర్‌ని. నాటకాలకూ ప్రదర్శనలకూ వేదికల మీద అక్షరాలు, బొమ్మలు కత్తిరించి అతికించడం మా విభాగం పని. ఆ కోతకు వాడే పాత సాఫ్ట్‌వేర్ తీసేసి కొత్తది పెట్టవచ్చో లేదో తేల్చి నివేదిక ఇమ్మన్నారు.

ఆ పాతది ఒకే ఒక్క కంప్యూటర్లో మిగిలింది. వెనక చిటికెన వేలంత ప్లగ్గు గుచ్చితేనే తెరుచుకునేది. దాన్ని డాంగిల్ అంటాం. అది పోతే మరొకటి దొరకదు. దాన్ని నడిపేది సుబ్బరాయుడు, రాయచోటి మనిషి, పదహారేళ్లుగా కట్టర్ ఆపరేటర్. కట్టర్ అంటే కంప్యూటర్లో గీసిన గీత వెంబడి వినైల్ అనే స్టిక్కర్ షీటును కత్తితో కోసే యంత్రం. నేను మూడు రోజుల్లో నివేదిక రాసి పడేశాను: పాత కంప్యూటర్ అక్కర్లేదు, ఆపరేటరూ అక్కర్లేదు, కోత పని డిజైనరే చూసుకోగలడు. సుబ్బరాయుణ్ణి ఒక్క మాటా అడగలేదు. కొత్తదంటే నాకు మహా మోజు.

ముందు ఒక నాటకం పని కొత్తదానితో చేసి చూపించమన్నాడు మేనేజరు, లెబనాన్ ఆయన. అది సవ్యంగా జరిగితే సుబ్బరాయుడి ఇఖామా, అంటే కువైట్‌లో ఉండే అనుమతి, రెన్యూ చేయరు; అతను ఇంటికి పోవలసిందే. కూతురి నర్సింగ్ చదువు ఇంకా రెండేళ్లుంది. ఈ సంగతులన్నీ అతనికీ తెలుసు, నాకూ తెలుసు.

నాటకం పేరు అరబ్బీలో, రెండడుగుల బంగారు రంగు అక్షరాలు. ఆ రంగు వినైల్ ఒక్క రోలే ఉంది. ప్రదర్శన మర్నాడే. నేనే మౌస్ పట్టుకుని కూర్చున్నాను. తెర మీద పేరు ధగధగలాడింది. కోత మొదలుపెట్టబోతుంటే వెనకనుంచి సుబ్బరాయుడు ఆగమన్నాడు.

"రంగు దీసేసి ఉత్త గీతలు చూడండి సార్. అక్షరాలు కలిసే కాడ అడ్డగీత ఉండాది. కత్తి ఆడ గూడా కోస్తాది."

తీసి చూస్తే నిజమే. అరబ్బీ అక్షరాలు ఒకదాన్నొకటి పట్టుకుని నడుస్తాయి. కంప్యూటర్లో మాత్రం ఏ అక్షరానికది విడి ముక్క, పక్కదాని మీదికి కొంచెం ఎక్కి ఉంటుంది. కోతకు ముందు వాటిని ఒకే రూపంగా కలపాలి, లేకపోతే అతుకుల దగ్గర తెగిపోతాయి. రంగు నిండి ఉంటే ఆ అతుకు కంటికి ఆనదు. పాతదానిలో ఇన్నేళ్లూ ఆ కలిపే పని అతనే చేస్తున్నాడు. దానంతటదే అవుతోందని నేననుకున్నాను.

నాకు సిగ్గేసింది. అతను నోరు మూసుకుని ఉంటే రోలు పాడయ్యేది, నా నివేదిక చెత్తబుట్టలో పడేది, అతని ఉద్యోగం నిలిచేది. ఉండబట్టలేక అడిగాను.

"నువ్వు ఊరుకుంటే నీకే మంచిది కదయ్యా, ఎందుకు చెప్పావు?"

"రోలు ఇదొగటే గదా సార్. చెడిపోతే రేపు నాటకమోల్లు ఉత్త గోడ ముందర ఆడాల్నా?" అన్నాడు.

అతను చెప్పినట్టే అక్షరాలు కలిపి కోశాం. పేరు ఎక్కడా తెగకుండా వేదిక మీదికెక్కింది. ఆ మర్నాడు మేనేజరు దగ్గరికి వెళ్లి, నా నివేదిక తప్పని చెప్పి వెనక్కి తీసుకున్నాను. పాత కంప్యూటర్ మాత్రం ఖలాస్ అన్నాడాయన. అది పోనివ్వండి, మనిషి కావాలన్నాను. ఏ పనైనా కోతకు ముందు సుబ్బరాయుడు గీతల్లో చూసి సంతకం చేయాలని రెండో నివేదిక రాశాను. అతనికి కొత్త సాఫ్ట్‌వేర్ నేర్పించాలని కూడా రాశాను. నెల తిరిగేసరికి దాని మీద అతని చెయ్యి నాకంటే చురుగ్గా ఆడుతోంది. ఇఖామా రెన్యూ అయింది.

ఏ పని గురించి నివేదిక రాసినా, ఆ పని చేసే మనిషిని ముందు కూర్చోబెట్టి అడగాలని అప్పుడు నేర్చుకున్నాను. అలా అడిగి రాసినవి మొత్తం నాలుగు. అప్పటికి నా సర్వీసు ఇంకో ఏడాదే మిగిలింది. అడక్కుండా రాసినవి ఎన్నో, వాటివల్ల ఎవరెవరు ఇంటికి పోయారో నాకు తెలియదు.