ఐర్లండు దుకాణపామెకు మగ్గాలు ఆపిన రోజు

నార్కట్‌పల్లి మీదుగా వచ్చే బస్సు పొద్దున పది గంటల ఇరవై నిమిషాలకు మా మిషను బడి ముందు ఆగేది. (ఆగేది అనడం కొంచెం ఎక్కువ, నెమ్మదించేది.) క్లీనరు టపా సంచీని గేటు లోపలికి విసిరి, బస్సు రేకు మీద చేత్తో రెండు దెబ్బలు కొట్టేవాడు. ఈ కాలపు పిల్లలకు చెబితే నమ్మరు గాని, అప్పట్లో ఐర్లండు నుంచి ఒక కట్ట కాగితాలు ఓడలో బొంబాయికి, అక్కణ్ణుంచి రైల్లో హైదరాబాదుకు, చివరికి ఆ సంచీలో మా దాకా రావడానికి ఏడు వారాలు పట్టేది. ఆ కట్ట పుణ్యమా అని నేను మా వీధికి తెచ్చిన ఉపద్రవం గురించి ఇన్నేళ్లూ ఎవరికీ చెప్పలేదు. అందులో ఉన్నవాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోయారు. ఇక చెప్పినా నొచ్చుకునేవాళ్లు లేరు.

అప్పుడు నాకు పద్దెనిమిదేళ్లు. మగ్గం మీద బతికే ఇంట్లో పుట్టి, ఆ బడిలోనే చదివి, అక్కడే ఒకటో తరగతికి టీచరునయ్యాను. బడి పెద్ద ఐర్లండు దేశపు సన్యాసిని. ఊరంతా ఆమెను మదరమ్మ అనేది. తెలుగు పాత పుస్తకాల్లోంచి నేర్చుకున్నది కనుక, నేను ఆలస్యంగా వెళితే "మీరు గడియారమును చూచితిరా?" అని అడిగేది. వాళ్ల దేశంలో అప్పుడే టెలివిజన్ మొదలైంది. ఏ రోజు ఏ గంటకు ఏమి చూపిస్తారో అచ్చువేసే వారపత్రిక ఒకటి ఉండేది. ఆమె తమ్ముడు వాటిని నాలుగేసి కలిపి నెలనెలా పంపేవాడు. దేశం విడిచి ఇరవై ఏళ్లయిన ఆమె టెలివిజన్ ఎన్నడూ చూడలేదు, చూడాలన్న కోరికా లేదు. ఇంగ్లీషు బాగుపడుతుందని ఆ కట్ట నాకిచ్చేది. అలా ఒక ఏడాది పొడుగునా ఐర్లండు టెలివిజన్‌లో ఏమేమి వచ్చాయో పొల్లుపోకుండా చదివాను. టెలివిజన్ను కళ్లతో చూడడానికి మాత్రం నాకు మరో పదిహేనేళ్లు పట్టింది.

చదివి ఊరుకుంటే బాగుండేది. ఇంటికి వచ్చి చెప్పేదాన్ని. మా అవ్వ, అంటే బాపు (మా నాన్న) తల్లి, అరుగు మీద రాట్నం ముందు కూర్చుని మగ్గానికి నూలు కండెలు చుడుతూ వినేది. లోపల గుంటమగ్గం మీద కూర్చుని బాపు వినేవాడు. పక్కింట్లో చిన్నాయన గోడ అవతలి నుంచే విని, అర్థం కానిచోట మగ్గం ఆపి అడిగేవాడు.

"పెట్టెల మనుషులు కనిపిస్తరా? సినిమా లెక్కనా?"

"సినిమా ఎప్పుడో తీసింది చిన్నాయనా. గిది గట్ల కాదు. అక్కడ ఇప్పుడు జరిగేది ఇప్పుడే కనవడ్తది" అన్నాను. (సగం నిజం. నా మొదటి తప్పు ఇదే.)

బాపుకు వాతావరణం మీదే ధ్యాస. రోజూ సాయంత్రం ఒక మనిషి నిలబడి రేపటి వాన సంగతి చెబుతాడని తెలిసినప్పటి నుంచి ఆ మనిషి ఏమన్నాడనే అడిగేవాడు. అతను చెప్పేది పత్రికలో ఉండదు, మదరమ్మనడిగితే వాళ్ల ఊళ్లో ఎప్పుడూ వానేనంది. "మనకు మూడేండ్ల సంది చెరువు నిండలే. వాళ్లకు వాన పడ్తదని చెప్పెటందుకు గూడ ఒక మనిషా" అని బాపు పోగును అటూ ఇటూ లాక్కెళ్లే నాడెను ఆ రోజు కొంచెం గట్టిగానే కొట్టాడు.

టెలివిజన్‌లో వారానికొకసారి ఒక కథ వచ్చేది. సముద్రం ఒడ్డున చిన్న ఊరు, అక్కడ దుకాణం నడుపుకునే ఒక విధవ, ఆమెకు ఇద్దరు కొడుకులు. పెద్దవాడు తాగుబోతు, చిన్నవాడు ఓడ మీద పనికి పోయాడు. పత్రికలో ఉండేది నాలుగు వరుసలు, అప్పుడప్పుడూ ఒక ఫొటో. ఆ నాలుగు వరుసల్ని నేను నలభై చేసేదాన్ని. మా అవ్వ కూడా చిన్న వయసులోనే విధవై ఇద్దరు కొడుకుల్ని పెంచిన మనిషి. ఆ ఫొటోను కళ్ల దగ్గర పెట్టుకుని చాలాసేపు చూసి, "మంచి మొకం. పాపం, కొడుకే మంచోడు గాదు" అంది. మరి కాసేపటికి ఇలా అడిగింది:

"గింతమంది చూస్తుంటే ఆమె తానమెట్ల జేస్తదే?"

అది కథ అనీ, ఆమె వేషం కట్టిన మనిషి అనీ చెప్పవలసిన సమయం అదే. నేను "అప్పుడు పెట్టె బంజేస్తరు అవ్వా" అన్నాను. అవ్వ తృప్తిపడి మళ్లీ రాట్నం తిప్పింది. నిజం చెబితే వినడం మానేస్తారేమోనని నా భయం. (పద్దెనిమిదేళ్ల వయసులో మన మాట వినేవాళ్లు నలుగురు దొరికితే వాళ్లను పోగొట్టుకోవడం కష్టం.) నెలలు గడిచేసరికి మా వీధిలో ఆ దుకాణపామె మదరమ్మ తల్లి అయి కూర్చుంది. ఆ మాట నేను అనలేదు. కాదని కూడా అనలేదు.

మా వీధిలో ఒక ఆనవాయితీ ఉండేది. ఎవరైనా పోతే, వాళ్లు ఏ ఇంటివాళ్లయినా సరే, శవాన్ని ఎత్తేదాకా వీధిలో ఒక్క మగ్గం ఆడకూడదు. ఎత్తాక అందరూ స్నానం చేసి మళ్లీ మగ్గం ఎక్కాలి. ఆపమని చెప్పే మాట వీధిలో అందరికంటే పెద్దదైన మా అవ్వది. చీరలు కొనే సావుకారి వచ్చి తొందరపెట్టినా ఆ మాటకు తిరుగు లేదు.

ఒక గురువారం కట్ట వచ్చింది. అందులో చివరి పత్రికలోని నాలుగు వరుసల్లో దుకాణపామె మంచం పట్టింది, ఫాదరును పిలిపించారు, దుకాణం మూశారు. అంతే ఉంది. మిగతాది నేనే నిర్ణయించాను. శుక్రవారం పొద్దున జడ వేసుకుంటూ "అవ్వా, దుకాణపామె పోయింది" అని చెప్పి, ఆలస్యమవుతోందని బడికి పరుగెత్తాను.

సాయంత్రం నాలుగున్నరకు వీధి మొదట్లోకి వచ్చేసరికి చప్పుడు లేదు. నలభై మగ్గాల చప్పుడులో పుట్టి పెరిగినవాళ్లకు ఆ నిశ్శబ్దం ఏమిటో చెప్పనక్కర్లేదు. బాపుకు ఆ చలికాలమంతా దగ్గు. పోయింది బాపే అనుకుని ఇంటి వైపు పరుగెత్తాను. ఒక చెప్పు ఎక్కడో జారిపోయింది. ఇంటి ముందుకు వచ్చేసరికి బాపు అరుగు మీద కూర్చుని బీడీ తాగుతూ దగ్గుతున్నాడు. ఆ దగ్గు నాకు అంత హాయిగా ఎప్పుడూ వినిపించలేదు.

"ఎవలు పోయిన్రు బాపూ?"

"నువ్వే చెప్తివి గదనే పొద్దుగాల" అన్నాడు బాపు.

అప్పుడు వీధి వైపు తిరిగి చూశాను. ఎదురుగా అవ్వ, వీధిలోని ఆడవాళ్లు, మగ్గాలు దిగిన మగవాళ్లు. మధ్యలో సావుకారి, పక్కన సైకిలు పట్టుకుని అతని గుమస్తా. చీరల కోసం మధ్యాహ్నమే వచ్చారట.

"ఏడు సముద్రాల అవతల ఎవతో పోతే మీరు మగ్గాలు దిగుడేంది అవ్వా?" అంటున్నాడు సావుకారి.

"ఎవతో గాదు. మదరమ్మ తల్లి. మదరమ్మ మన పిల్లలకు చదువు చెప్తలేదా?"

"మరి ఎత్తేది ఎప్పుడు?"

"గదే తెల్వదు. మళ్ల కాగితం వస్తే ఎరుకైతది."

"కాగితం ఎప్పుడొస్తది?"

"నెలకు" అన్నాడు చిన్నాయన నెమ్మదిగా.  సావుకారి గుమస్తా వైపు తిరిగి, "నువ్వు బడికి పోయి మదరమ్మనే అడిగిరా. అబద్ధమని తేలాలె, ఇగ ఈ వీధిల ఎవరి మాటకూ మగ్గం ఆగదు" అన్నాడు. గుమస్తా సైకిలెక్కాడు.

అవ్వను చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కెళ్లాను.

"అవ్వా, ఆమె అసలే లేదు. పుట్టనే లేదు. బాగోతంల యేషం గట్టినట్టు, ఎవరో యేషం గట్టిన్రు. కథ అది."

అవ్వ వేళ్ల మీద నెలలు లెక్కపెట్టింది.

"ఏడాది సంది?"

"ఏడాది సంది."

"మరి పెట్టె బంజేస్తరంటివి, తానానికి?"

 తిడుతుందనుకున్నాను. కొడుతుందనుకున్నాను, కొట్టినా బాగుండేది. ఆమె కొంగుతో ముఖం తుడుచుకుంది. పొద్దుటి నుంచి ఏడ్చినట్టు కళ్ల కింద చారలు ఉన్నాయి. "పొద్దటి సంది పచ్చి మంచినీళ్లు ముట్టలేనే" అని మాత్రం అంది. బయట సైకిలు గంట వినిపించింది. అవ్వ లేచి నాకంటే ముందే గడప దాటింది.

"సావుకారీ, జర ఆగు. పోరిది చిన్నతనం. తప్పు నాది. నేనే..."

"నిజమేనట సేటూ" అన్నాడు గుమస్తా సైకిలు దిగుతూ. "మీ అమ్మ పోయిందట గద అని అడిగిన. అవునన్నది. కండ్లల్ల నీళ్లు తిరిగినయి. ఎవరు చెప్పిన్రని నన్నే అడిగింది. మగ్గాలు ఆపిన్రని చెప్పిన."

సావుకారి తల మీది టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు.  మదరమ్మ అబద్ధం చెప్పడం నేను ఊహించలేనిది. అవ్వ కూడా ఊహించలేదు. ఆమె కొంగు భుజం మీదికి లాక్కుని, "ఎత్తిన్రు. తానాలు జేసి మగ్గాలెక్కుండ్రి" అంది. మా అవ్వ నాకు తెలిసి ఆడిన మొదటి అబద్ధం అదే. తర్వాత నా వైపు తిరిగి, "నువ్వు గూడ పో. బాయి కాడ తల మీద పోసుకో" అంది. ఆ చలిలో, ఎన్నడూ పుట్టని మనిషికి, వీధిలో అందరితో పాటు నేనూ తల మీద నీళ్లు పోసుకున్నాను.

మర్నాడు పొద్దున్నే మదరమ్మ మా వీధికి నడిచి వచ్చింది. అంతకుముందు ఎప్పుడూ రాలేదు. అరుగు మీద అవ్వ పక్కన కూర్చుంది.

"నా తల్లి కిందటి వర్షాకాలమున మరణించెను" అంది. "సమాధి చేసిన ఏడు వారములకు నాకు జాబు వచ్చెను. ఎవరికిని చెప్పలేదు. ఆ దినమున కూడ నేను పాఠము చెప్పితిని. మీకు ఎట్లు తెలిసెనో నేను అడుగను. మీరు ఆమె కొరకు మగ్గములు నిలిపితిరి."

 అవ్వ ఒక్కసారి నా వైపు చూసింది. ఆ చూపులో నోరు మూసుకొమ్మన్న ఆజ్ఞ ఉంది.

"నిలిపినం బిడ్డా. నిలపకుంటే ఎట్ల" అని, మదరమ్మ చెయ్యి తన ఒళ్లోకి తీసుకుంది. "ఏం పేరు మీ అమ్మకు?"

మదరమ్మ చెప్పింది. అవ్వ ఆ పేరును రెండు మూడు సార్లు పలకబోయి, చివరికి తనకు వచ్చినట్టు పలికింది.  లోపల బాపు మగ్గం దిగి నిలబడి ఉన్నాడు.

నెల తర్వాత కట్ట వచ్చింది. తెరిచి చూస్తే దుకాణపామె కొత్త గౌను వేసుకుని బల్ల వెనక నిలబడి ఉంది. నాలుగు వారాల జ్వరం తగ్గి మళ్లీ దుకాణం తెరిచిందట. అవ్వకు చూపించాను. అవ్వ ఫొటోను వెలుతురు వైపు తిప్పి చూసి, "బతికిందా? మంచిదే" అని, పత్రికను మడిచి కండెల గంప అడుగున పెట్టేసింది. "వీధిల చెప్పకు."

చెప్పలేదు. మదరమ్మకూ చెప్పలేదు. ఆ తర్వాత నేను ఇంట్లో ఏ కథ మొదలుపెట్టినా అవ్వ రాట్నం ఆపి, "గామె ఉన్నదా, లేదా? గది ముందుగాల చెప్పు" అనేది. ఆ పద్దెనిమిదేళ్ల టీచరమ్మను తలుచుకుంటే ఇప్పుడు నవ్వు వస్తుంది గాని, ఆమె మీద నాకు పూర్తిగా కోపం రాదు.

అవ్వ పోయినప్పుడు జడ్చర్లలో ఉన్న ఆమె చెల్లెలు వచ్చేదాకా, పొద్దున నుంచి మునిమాపు దాకా, వీధిలో చప్పుడు లేదు. బాపు పోయేనాటికి సగం ఇళ్లలో కరెంటు మగ్గాలు వచ్చాయి. మొన్న చిన్నాయన పోయాడని తెలిసి వెళ్లాను. శవం ఇంటి ముందు ఉండగానే అటూ ఇటూ మగ్గాలు ఆడుతున్నాయి, ఒకరితో ఒకరం చెవి దగ్గర మాట్లాడుకున్నాం. మా వీధిలో ఇప్పుడు ఎవరు పోయినా మగ్గాలు ఆపడం లేదు.