లియోంతీన్ అతికించిన కవాతు

పారిస్‌లో మా వార్తా చిత్రాల కార్ఖానాలో లియోంతీన్‌ది నా పక్క బల్ల. ఫిల్ము అంచు గీకి, జిగురు రాసి, అతుకు కనబడకుండా కలపడంలో ఆమెను మించినవాళ్లు లేరు. నోరు మాత్రం మహా దురుసు. 1915 చివర్లో, జర్మనీతో యుద్ధం రెండో ఏట, పైవాళ్లు శవం కనబడిన ప్రతి ముక్కా కత్తిరించమనేవారు. తీరా చూస్తే వారానికి సరిపడా బొమ్మ మిగిలేది కాదు. అప్పుడు పాత డబ్బాల్లోంచి ఏదో ఒక కవాతు తీసి మధ్యలో ఇరికించేవాళ్లం. ఏ ఏటిదో చెప్పడానికి బొమ్మకు నోరు లేదుగా!

ఒకరోజు లియోంతీన్ ఇంటి కింది వాటాలో ఇస్త్రీ చేసుకుని బతికే ఒర్తాన్స్ కార్ఖానాకు పరుగెత్తుకొచ్చింది. యుద్ధానికి వెళ్లిన ఆమె కొడుకు ఫిర్మాన్ ఆచూకీ తెలియక ఏడాది దాటింది.

"మావాడు బతికే ఉన్నాడే అమ్మాయ్! ఈ వారం బొమ్మలో చూశా. ముందు వరుసలో చివర, పళ్లికిలిస్తూ పోతున్నాడు వెధవ!"

లియోంతీన్ మొహం పాలిపోయింది. ఆ ముక్క తను అతికించిందే, యుద్ధం మొదలైన నెలలో తీసిన పాత కవాతు. ఆనాటి నుంచి ఏ ఫిల్ము వెలుతురుకెత్తినా అందులో ఫిర్మానే నడుస్తున్నట్టుండేదట.

"నిజం చెప్పెయ్యి," అన్నాను.

"నువ్వు చెప్పు, అంత గుండె ఉంటే!" అని కసిరింది.

ఒర్తాన్స్ మాత్రం కొడుక్కి మేజోళ్లు అల్లుతూనే ఉంది. అది చూడలేక, బొమ్మ చూపించే చెబుదామని ఆదివారం మధ్యాహ్నం ఆటకు ఆమెను తీసుకెళ్లాం. కవాతు వచ్చింది. లియోంతీన్ నోరు తెరిచేలోపే ఒర్తాన్స్ గొణిగింది.

"ఇప్పుడు సిపాయిలందరి నెత్తినా ఇనప టోపీలే. మావాడిది గుడ్డ టోపీ. ఇది పాత బొమ్మని రెండోసారి చూసినప్పుడే తెలిసింది. నాకు కళ్లు లేవనుకున్నావా? ఆ ముక్క తీసెయ్యకు, అంతే."

లియోంతీన్ ఏడ్చింది. ఆమె ఏడవడం నేను చూడటం అదే మొదలు.

ఇంతలో మా ముందు వరుసలో సంతాపపు నల్లబట్టల్లో ఉన్న ఆవిడ లేచి నిలబడి, అదే కుర్రాణ్ణి వేలెత్తి చూపింది.

"అదుగో, చివర నవ్వేవాడు! మా ఆన్సెల్మే కదూ? చెప్పండమ్మా, ఎవరైనా చెప్పండి!"

ఒర్తాన్స్ ముందుకు వంగి ఆవిడ భుజం మీద చెయ్యి వేసింది.

"అవునమ్మా, మీవాడే," అంది.