గింజలు చూసినాకే పేరు

నిన్న మా బావి మోటారు నీళ్ళెత్తడం మానేసింది. ప్లంబరు గణేశ్ పైపు పైకి లాగితే, అడుగున ఫుట్‌వాల్వు చుట్టూ పచ్చటి మెత్తటి పెచ్చు. గీకగానే నీచు వాసన గుప్పుమంది. "పాచి గాదు గిది. ఏందక్కా?" అన్నాడు చేతులు గోక్కుంటూ. నాకు జవాబు కంటే ముందు సులోచన మేడం గుర్తొచ్చింది.

చంద్రపూర్‌లో నేను బియ్యెస్సీ చదివేటప్పుడు ఆమె మా జువాలజీ లెక్చరర్. రాజురా వైపు తెలుగు రైతుల బిడ్డ. క్లాసులో మరాఠీ, ల్యాబులో నాతో తెలుగు. ఊరి చుట్టూ కొత్త ఫ్యాక్టరీలు లేస్తున్న ఆ రోజుల్లో ఆమె ఇరయి నదిలో మోకాటి లోతున నిలబడి రాళ్ళు తిరగేసేది. "నాచు అనుకునేవు, జంతువే ఇది. నోరు లేదు, కడుపు లేదు, ఒళ్ళంత తూట్లే. నీళ్ళు గుంజుకుంట అండ్లున్నదే తింటది" అని మొదటి స్పాంజిని నా చేతిలో పెట్టింది. రెండు రోజులు దురద పోలేదు.

ఆ వానాకాలం దొరికిన ఒక స్పాంజి ఆమెకు నిద్ర లేకుండా చేసింది. దాని ఒంట్లోని గాజు సూదులు ఏ పుస్తకంతోనూ కలవలేదు. కొత్త జాతి అయితే ఏళ్ళ తరబడి మూలనపడ్డ ఆమె పిహెచ్‌డి గట్టెక్కుతుంది. అది దొరికిన చోట ఫ్యాక్టరీకి పంపుహౌస్ కడుతున్నారు, మళ్ళీ దొరకదు, వెంటనే పేరు పెట్టి పంపమని గైడు తొందరపెట్టాడు. ఆయన గదిలోంచి బయటికొచ్చి మేడం నాతో అంది: "గింజలు జూడకుండ పేరెట్ల పెడ్తనే?" నీళ్ళు తగ్గితే స్పాంజి చచ్చిపోతూ ఆవగింజ కంటే చిన్న గింజల్ని వదులుతుంది. మళ్ళీ నీళ్ళొస్తే వాటిలోంచే మొలుస్తుంది. ఆ గింజల పెంకులోని సూదులు చూస్తేగానీ జాతి తేలదు. వేసవిదాకా ఆగింది మహాతల్లి! నాకైతే ఒళ్ళు మండిపోయింది.

ఎండాకాలం మేము నదికి వెళ్ళేసరికి పంపుహౌస్ కోసం రాళ్ళన్నీ తవ్వి ఒడ్డున కుప్ప పోశారు. చంద్రపూర్ ఎండలో, తలకు తడిగుడ్డలు చుట్టుకుని ఒక్కో రాయీ తిప్పాం. "బంగారం వెతుకుతున్నారా బాయీ?" అని అక్కడి కూలీల ముకద్దం హిందీలో ఎగతాళి చేశాడు. "గాజు" అంది మేడం, తలెత్తకుండా. చివరికి ఒక రాతికి బూడిదరంగు పెచ్చు, దానికింద పసుపు గింజలు కనిపించాయి.

ల్యాబులో యాసిడ్‌లో మరిగించి, స్లైడు చూసి, కుర్చీ నాకిచ్చింది. "ఏం కనబడ్తుంది?"

"బండి ఇరుసులు మేడం. రెండు దిక్కుల చక్రాలు."

"ఎఫిడేషియా. వేరే ఏం గాదు, అంతట దొరికేదే. ఒంటి సూదులే ఈ నీళ్ళకు మారినయి."

నాకు ఏడుపొచ్చింది. "గైడు సార్‌కు గింజలు దొరికిన సంగతి తెల్వదు గద మేడం. ఆ ఒంటి సూదులతోనే పేరు పెట్టి పంపుండ్రి."

"దానికి పేరున్నదే. ఉన్న పేరు తీసి మనది పెడ్తమా?" అంది. చేతులు కడుక్కుని, టిఫిన్ విప్పి, సగం రొట్టె నాకిచ్చింది. పిహెచ్‌డి లేకుండానే రిటైరైంది.

నేనిప్పుడు రక్తపరీక్షల ల్యాబు నడుపుతున్నాను. డాక్టర్లు ఫోన్లో తొందరపెడతారు. స్లైడు చూసినాకే చెప్తానంటే విసుక్కుంటారు. విసుక్కోనీ.

గణేశ్ మళ్ళీ అడిగాడు, "పేరేందక్కా దీనిది?"

"స్పాంజి. జంతువే. బావి మెట్టు రాయికి పట్టింది కొంచెం ఉండనీ, మొత్తం గీకకు" అన్నాను. "ఎండాకాలం నీళ్ళు దిగినాక రా. పేరు అప్పుడు చెప్త."