దండ నా మెడలో, టికెట్టు పొడుగప్పకు

ఆ రోజుల్లో మదనపల్లె కోర్టులో నల్లకోటు తొడుక్కున్న ప్రతి కుర్రవాడికీ తాను ఎమ్మెల్యేనో జడ్జీనో అవుతానన్న నమ్మకం ఉండేది. నేనైతే రెండూ అవుతాననుకున్నాను. అయినవాడు మాత్రం పొడుగప్ప. (అసలు పేరుకు ఇప్పుడు ముందూ వెనకా చాలా గౌరవాలు తగిలించాలి కనుక రాయను.) ఇద్దరం ఒకే సీనియర్ దగ్గర జూనియర్లం. మాది బి.కొత్తకోట పక్కన నాలుగెకరాల భూమి ఉన్న ఇల్లు, వాళ్లది గుడుపల్లె దగ్గర గొర్రెలు మేపుకునే ఇల్లు. ఆ లెక్కన నేనే ముందుండాలని నా న్యాయశాస్త్రం. కానీ క్లయింట్లు వస్తే వాడినే అడిగేవారు, జడ్జీగారు నవ్వితే వాడి మాటకే నవ్వేవారు. సీనియర్‌గారి భార్య కూడా ఇద్దరికీ కాఫీ ఇచ్చి, చక్కెర సరిపోయిందా అని వాడినే అడిగేది.

ఇంతలో ఎన్నికలొచ్చాయి. ఒక పార్టీవాళ్లు చదువుకున్న కుర్రవాడిని నిలబెట్టాలని చూస్తున్నారని తెలిసి, నేను తెల్ల ఖద్దరు చొక్కా కుట్టించుకుని రోజూ సీనియర్‌గారి ఆఫీసు వరండాలో కూర్చోవడం మొదలుపెట్టాను. ఒక ఉదయం కారు వచ్చి ఆగింది. పార్టీ పెద్దాయన దిగి, పొడుగప్ప ఎక్కడని అడిగాడు. కుప్పం కోర్టుకు పోయాడని, ఇప్పట్లో రాడని చెప్పాను. (రెండో ముక్క నా సొంత కల్పన.) ఆయన కాసేపు ఆలోచించి, “అట్లయితే నువ్వు రాప్పా, కారెక్కు” అన్నాడు. ఎక్కేశాను.

పుంగనూరులో టీకి ఆగితే, అక్కడి కార్యకర్తలు నా చొక్కా చూసి మెడలో బంతిపూల దండ వేశారు. నేనూ తగ్గలేదు. రోడ్లు వేయిస్తానన్నాను, చెరువులకు నీళ్లు తెప్పిస్తానన్నాను. పెద్దాయన వద్దనలేదు. (టీ తాగుతూ అటు తిరిగి ఉన్నాడు, వినలేదు.) మళ్లీ కారెక్కాక ఉండబట్టలేక నామినేషన్ ఎప్పుడని అడిగాను.

“ఆ పొడుగప్ప ఒప్పుకోవాల గదా ముందు. కుప్పంలో కోర్టు యాడుండాదో మాకు తెలీదని నిన్ను పిల్సుకొస్తాండాము” అన్నాడు.

తక్కిన దారంతా నేను ఎడమకు, కుడికి అని చెబుతూ పోయాను. కోర్టు మెట్ల మీద కనిపించిన పొడుగప్ప సంగతి విని, తనకు వద్దని, నన్ను నిలబెట్టమని, నేనే బాగా మాట్లాడతానని పట్టుబట్టాడు. వాడు ఆ మంచితనం చూపించకపోయుంటే నా కడుపుమంట కొంచెం తక్కువగా ఉండేదేమో. చివరికి వాడు ఒప్పుకోక తప్పలేదు. అందరూ దండ కోసం అటూ ఇటూ చూస్తుంటే, నా మెడలోది తీసి నా చేతులతోనే వాడి మెడలో వేశాను. తిరుగు ప్రయాణంలో కారులో చోటు చాలక నేను బస్సులో నిలబడి వచ్చాను.

వాడు గెలిచాడు. తర్వాతి ఎన్నికల్లో ఓడిపోయాడు. (ఆ రోజు మా ఇంట్లో పండగకు చేసినట్టు తీపి ఓళిగలు చేయించాను.) వాడు మాత్రం మళ్లీ నల్లకోటు దులిపి వేసుకుని, కొన్నేళ్లకు హైకోర్టు జడ్జీ అయ్యాడు. ఓడిపోయి కూడా పైకే పోయేవాడిని ఏం చేయగలం?

మొన్న మదనపల్లె టమోటా మండీ యజమాని ఒకాయన భూమి కేసు వాడి ముందుకే వచ్చింది. జడ్జీ మనవాడేనని నేను ఆయనకు హైకోర్టుకు పోయే దారిపొడవునా ధైర్యం చెప్పాను. కేసు పిలిచారు. పొడుగప్ప కళ్లద్దాల మీదుగా నన్ను చూసి, ఈ న్యాయవాది తన పాత స్నేహితుడని, తామిద్దరూ ఒకే చోట పని నేర్చుకున్నామని, అందువల్ల ఈ కేసు తాను వినకూడదని నిండు కోర్టులో చెప్పి, ఇంకో బెంచికి పంపేశాడు. కోర్టంతా తిరిగి నన్ను చూసింది.

బయటికి రాగానే మా క్లయింటు, “స్నేహితుడని సెప్తివి, ఆయప్ప మన కేసు ముట్టుకోనే లేదు గదప్పా. స్నేహం లేని వకీలును పెట్టుకోనుంటే బాగుండు” అన్నాడు. నిజమే. అయినా నాకు బాధ కలగలేదు. వరండాలో ఒక జూనియర్ వకీలు పక్కవాడికి నన్ను చూపించి, జడ్జీగారి స్నేహితుడట అని చెబుతూ, నావంక గుర్రుగా చూశాడు. ఆ చూపు నాకు బాగా తెలుసు. ఇన్నేళ్లుగా నేను పొడుగప్ప మీద వాడిన చూపే. మొదటిసారి అది నా మీద పడితే ఎంత హాయిగా ఉంటుందో తెలిసి, కోటు సర్దుకుని, అవసరం లేకపోయినా అతని ముందు నుంచే ఇంకోసారి మెల్లగా నడిచి వెళ్లాను.