డీజిల్ లేని మంగళవారం

నాకు టైపు రాదు. ముప్పై ఏళ్ళుగా రాజమహేంద్రవరంలో ప్రెస్సు నడుపుతున్నవాడు ఈ మాట చెప్పుకోవడం సిగ్గే. కానీ జరిగినదంతా ఆ రాకపోవడం వల్లే జరిగింది కనుక ముందే చెప్పేస్తున్నాను. సీసపు అక్షరాల కాలంలో నేనే కంపోజు చేసేవాణ్ణి. కంప్యూటర్లు వచ్చాక ఆ కుర్చీ మా ఆవిడ లోవలక్ష్మి తమ్ముడు మురళీకృష్ణకి అప్పగించి, నేను మెషిన్ దగ్గరే ఉండిపోయాను. శుభలేఖల టైపు మాత్రం బయటికిచ్చేవాళ్ళం, వెంకటదుర్గ అనే అమ్మాయికి.

వెంకటదుర్గ వాళ్ళది గోదావరి గట్టు మీద ఇల్లు. మొగుడు రాముడు నావ మీద వేటకి వెళ్తాడు. అత్త మరిడమ్మ చేపల బజార్లో గంప పెట్టుకుని కూర్చుంటుంది. ఆ ఇంటి కోడలు టెన్త్ పాసై, ఒక డీటీపీ సెంటర్లో నాలుగేళ్ళు మెడలు పడిపోయేలా పనిచేసి, సొంతంగా ఒక పాత లాప్‌టాప్ కొనుక్కుంది. చేప పొలుసు అంటకుండా దాన్ని బియ్యం డబ్బా మీద పాత చీర పరిచి పెట్టుకునేది. ఆ అమ్మాయి చేసిన కార్డులో తప్పు వెతకడమంటే ఏరి వండిన అన్నంలో రాయి వెతకడమే. తాతముత్తాతల పేర్లు తారుమారు కావు, చిరంజీవి ఎవరికో సౌభాగ్యవతి ఎవరికో పొరపాటు పడదు. నాకు ఆవిడంటే గౌరవం. పైకి మాత్రం అనేవాణ్ణి కాదు. పొగిడితే రేటు పెంచమంటుందని నా భయం.

పనంతా మెసెంజర్‌లో నడిచేది. మురళి ఇక్కణ్ణించి మేటరు పంపిస్తే అక్కడ ఆవిడ తెర మీద కుడివైపు మూల టింగుమని చిన్న పెట్టె లేస్తుంది. ఎవరు ఆన్‌లైన్లోకొచ్చినా టింగు, ఎవరు వెళ్ళిపోయినా టింగు. ఆవిడకి మా ప్రెస్సొక్కటే కాదు. మా వీధిలోనే ఫోటో స్టూడియో వాళ్ళు, జిరాక్సు కొట్టువాళ్ళు కూడా అలాగే పని పంపేవారు. ఆ టింగు వినబడితే పొయ్యి మీది కూర దించేసి పరిగెత్తేదిట.

రెండువేల ఎనిమిది వేసవి. పెళ్ళిళ్ళ జోరు మీద ఉన్నాం. ఆ రోజుల్లోనే ఆవిడకి ఎవడో ముక్కూమొహం తెలియనివాడు మెసేజీలు పెట్టడం మొదలుపెట్టాడు. ముందు ఉత్త "హాయ్". తర్వాత "భోంచేశావా". ఆవిడ పట్టించుకోలేదు. ఒకరోజు మాత్రం "ఆకుపచ్చ చీరలో బాగున్నావు" అని వచ్చింది. ఆ పొద్దున ఆవిడ కట్టుకున్నది ఆకుపచ్చ చీరే.

అక్కణ్ణించి ఆవిడకి మనసు నిలవలేదు. వాడు ఎక్కడో దేశాంతరంలో లేడు, ఈ ఊళ్ళోనే ఉన్నాడు, చూస్తున్నాడు. బజారుకెళ్తే ఎదురొచ్చే ప్రతి మొగవాడి మొహంలోకీ చూసేది, చూసినందుకు మళ్ళీ తనే తల దించుకునేది. ఇంట్లో ఉంటే టింగుమన్నప్పుడల్లా గుండె దడ. పనా, వాడా? చూస్తే గాని తెలియదు, చూడాలంటే భయం. మొగుడికి చెబుదామంటే రాముడు లాప్‌టాప్ కొన్న రోజునే తేల్చేశాడు. "దాంట్లోంచి పిచ్చి మాటలేవైనా వొచ్చాయని నా చెవిన పడిందంటే, ఆ డబ్బా గోదాట్లో పారేస్తాను." రాముడు చెడ్డవాడేం కాదు. కానీ అన్నంత పనీ చేసే మనిషి.

ఒకరోజు పడలేక శబ్దం తీసేసి, పెట్టెలు లేవకుండా చేసుకుంది. సరిగ్గా ఆ రోజే మా దగ్గర కార్డులు వేయించుకుంటున్న ఒక పార్టీకి ముహూర్తం మారింది. తేదీ మార్చమని మేం పంపించిన మెసేజీ ఆవిడ చూడలేదు. పాత తేదీతో అయిదొందల కార్డులు అచ్చయిపోయాయి. నేను ఫోన్ చేసి నోటికొచ్చినట్టు తిట్టాను. "నీకు పని కావాలా, నిద్ర కావాలా? ఆ మెసెంజర్ ఎప్పుడూ తెరిచి ఉంచాలని ఎన్నిసార్లు చెప్పాలి?" అన్నాను. ఆ తిట్లు తల్చుకుంటే ఇప్పటికీ నా మీద నాకే అసహ్యం వేస్తుంది.

మర్నాడు లాప్‌టాప్ సంచీతో ప్రెస్సుకొచ్చి, నిలబడే, మొత్తం చెప్పింది. కళ్ళ కింద నల్లగా ఉంది.

నేను అగ్గిరాముణ్ణయిపోయాను. "ఎవడమ్మా వాడు? పేరు తెలియనీ. నడివీధిలో చెప్పు తీసుకుని కొట్టకపోతే నా పేరు చంద్రరావు కాదు" అని మెషిన్ చప్పుడుని మించి అరిచాను. లోపల కాగితాలు సర్దుతున్న లోవలక్ష్మి కూడా విని బయటికి తొంగి చూసింది.

మురళి కుర్చీలోంచి లేచి, "కంగారు పడకండి మేడం. బ్లాక్ చేసేస్తే సరి" అని ఆవిడ లాప్‌టాప్ తెరిచి ఎక్కడ నొక్కాలో నెమ్మదిగా నేర్పించాడు. ఎంత మర్యాదస్తుడో అనుకున్నాను. కాఫీ కూడా తెప్పించాను.

ఆ బ్లాకు గంట కూడా నిలవలేదు. వాడు ఇంకో పేరుతో వచ్చాడు. అదీ బ్లాక్ చేస్తే మూడో పేరు. పది రోజుల్లో ఏడు పేర్లు. "తలుపేస్తే కిటికీలోంచి వస్తాగా" అని కూడా రాశాడు. ఆవిడకి తిండి సయించడం మానేసింది. లాప్‌టాప్ అమ్మేసి మళ్ళీ ఎక్కడైనా జీతానికి కుదురుదామా అనే వరకూ వచ్చింది.

అప్పుడు పట్టుకుంది మరిడమ్మ. కోడలు అన్నం ముందు ఊరికే కూర్చోవడం రెండు పూటలు చూసి, మూడో పూట మొహం మీదే అడిగేసింది. వెంకటదుర్గ ఏడుస్తూ చెప్పింది. ముసలావిడ అరవలేదు, కొడుక్కీ చెప్పలేదు. "నలభయ్యేళ్ళుగా బజార్లో కూచున్నానే. చేప కొనకుండా గంప ముందు నిలబడేవోళ్ళని ఎంతమందిని చూశాననుకున్నావు?" అంది. "తరిమితే పోయి ఇంకో పక్కనించి వొస్తాడు. తరమకు. వొచ్చినప్పుడల్లా ఏ ఏళకి వొచ్చాడు, ఏ ఏళకి పోయాడు, అది చూడు. పక్షం రోజులు చూశావంటే వాడి కొంపెక్కడో నీకే తెలుస్తది."

 చూడాలంటే వాణ్ణి రానివ్వాలి. వెంకటదుర్గ ఏడో పేరుని బ్లాకులోంచి తీసి, వచ్చిపోయే టింగు వినబడేలా తన జాబితాలో చేర్చుకుంది. వాడి మాటకి ఒక్కదానికీ జవాబివ్వలేదు. ఒక నోటు పుస్తకం పక్కన పెట్టుకుని, పెట్టె లేచిన ప్రతిసారీ గోడ గడియారం చూసి టైము రాసుకుంది. వాడిదే కాదు, అందరిదీ.

ఆ వేసవి కరెంటు కోత పేటకో వేళ ఉండేది. మా వీధికి ఆ పక్షం పదింటి నుంచి పన్నెండింటి దాకా. ఆవిడ ఇంటికి మధ్యాహ్నం. లాప్‌టాప్‌కి బ్యాటరీ, నెట్‌కి డేటా కార్డు ఉన్నాయి కనుక ఇంట్లో కరెంటు పోయినా ఆవిడ తెర వెలుగుతూనే ఉండేది.

పక్షం రోజులు తిరిగాక పుస్తకం చంకలో పెట్టుకుని ప్రెస్సుకొచ్చింది. మురళి కంప్యూటర్ దగ్గర ఉన్నాడు. నేను రోలరు తుడుస్తున్నాను.

"బాబాయి గారండీ, మొన్న మంగళవారం మీ జనరేటరు వెయ్యలేదాండి?" అనడిగింది.

"ఎక్కడమ్మా! డీజిల్ తెప్పించడం మర్చిపోయాను. రెండు గంటలు చేతులు ముడుచుక్కూచున్నాం. అయినా నీకెలా తెలుసు?"

ఆవిడ పుస్తకం తెరిచి నా ముందు పెట్టింది. గీతలు గీసి నాలుగు వరసలు. స్టూడియో, జిరాక్సు, మన ప్రెస్సు, నాలుగోదాని పైన "వాడు". రోజూ పదింటికి నాలుగూ ఆరిపోతున్నాయి. స్టూడియో, జిరాక్సు పన్నెండింటికి గాని రావు. ప్రెస్సు పదీ పదికి మళ్ళీ వస్తోంది. వాడూ పదీ పదికే వస్తున్నాడు. మా వీధి మొత్తానికి జనరేటరున్నది నాకొక్కడికే. మంగళవారం మాత్రం ప్రెస్సూ పన్నెండింటికే, వాడూ పన్నెండింటికే.

నేను తలెత్తాను. ఆవిడ పుస్తకం చూడటం లేదు. నా మొహం చూస్తోంది. ఎందుకో అర్థమవడానికి ఒక్క క్షణం పట్టింది. వాడు నేనేనేమో అని చూస్తోంది. నా కూతురంత పిల్ల. 

వెనక కుర్చీ చప్పుడైంది. "టీ తాగొస్తా బావా" అని మురళి చెప్పులు కూడా వేసుకోకుండా వీధిలోకి వెళ్ళిపోయాడు.

ఇంటి దొంగని ఈశ్వరుడైనా పట్టలేడంటారు. పట్టిన మనిషి నా ఎదురుగా నిలబడి ఉంది. నాకు కోపం రావాలి. రాలేదు. భయమేసింది. లోవలక్ష్మి మొహం, మావగారి మొహం, వీధిలో నలుగురి నోళ్ళు కళ్ళ ముందు తిరిగాయి. నా నోట్లోంచి వచ్చిన మాటలు ఇవి: "చిన్నతనం అమ్మా. ఏదో సరదాకి చేసుంటాడు. నేను గట్టిగా మందలిస్తాను. మూడో కంటికి తెలియనివ్వకు."

"ఆయ్, సరేనండి" అంది. పుస్తకంలోంచి ఆ కాగితం చింపి బల్ల మీద పెట్టి వెళ్ళిపోయింది.

మర్నాటి నుంచి మా తెర మీద ఆవిడ పేరు పక్కన పచ్చ చుక్క వెలగలేదు. మళ్ళీ కుర్చీలోకొచ్చిన మురళి చేత మేటరు పంపిస్తే జవాబు లేదు. ఒంట్లో బాగాలేదేమో అనుకుని స్టూడియో అబ్బాయినడిగితే, "లేదండీ, పొద్దుట్నుంచీ ఆన్‌లైన్లోనే ఉన్నారుగా" అన్నాడు. మురళి నేర్పించిన చోటే నొక్కి, మా ప్రెస్సునే బ్లాక్ చేసేసింది. ఫోన్ చేస్తే, "వేరే పనుందండి, ఏమీ అనుకోకండి" అని మర్యాదగా పెట్టేసింది. చేతినిండా ముహూర్తాలు. నేను మెషిన్‌కీ తెరకీ మధ్య ముళ్ళ మీద ఉన్నట్టు తిరిగాను. టింగుమంటే ఉలిక్కిపడి చూడటం, ఆవిడ కాకపోతే ఉసూరుమనడం. నాకిది నాలుగు రోజులు. ఆవిడ నెల పైన ఇలా బతికింది.

నాలుగో రోజు అన్నం తినలేక లోవలక్ష్మికి ఆ కాగితం చూపించి చెప్పేశాను. ఏడుస్తుందనుకున్నాను. కాగితం రెండుసార్లు చదివి, "చెప్పు తీసుకుని కొడతానన్నారుగా, ఏదీ?" అంది.

 తనే లేచి వెళ్ళి తమ్ముడి చెంప పగలగొట్టింది. ఆ సాయంత్రం ముగ్గురం గట్టుకి వెళ్ళాం. రాముడు వేటలో ఉన్నాడు. మరిడమ్మ కత్తిపీట ముందు కూర్చుని చేపలు కోస్తోంది. మురళి తల వంచుకుని, "తప్పయిపోయిందండి" అన్నాడు. వెంకటదుర్గ గుమ్మంలోనే నిలబడి, "నా చీర రంగు నీకెందుకు?" అని ఒక్కటే అడిగింది.  నేను కూడా చేతులు జోడించాను. మరిడమ్మ తల ఎత్తకుండానే, "మా వోడికి ఇంకా చెప్పలేదు బాబుగారూ. చెప్పుంటే డబ్బా కాదు, మీ ప్రెస్సుండేది గోదాట్లో" అంది.

మర్నాడు లోవలక్ష్మి తమ్ముణ్ణి అన్నవరం బస్సెక్కించి పుట్టింటికి పంపించేసింది. యాభై మూడేళ్ళ వయసులో నేను కీబోర్డు ముందు కూర్చున్నాను. ఒక్కో అక్షరం వెతుక్కుంటూ, ఒక వేలితో. పదకొండు రోజులకి పచ్చ చుక్క వెలిగింది. నేను పని గురించి రాయబోయేంతలో టింగుమని పెట్టె లేచింది.

"అక్కడ కూర్చున్నది ఎవరండి?"

"నేనేనమ్మా, చంద్రరావుని" అని రాయడానికి నాకు రెండు నిమిషాలు పట్టింది. అప్పుడు గాని మేటరు పంపించమనలేదు.

ఇది జరిగి ఏడాది దాటింది. ఆవిడ టైపులో ఇప్పటికీ తప్పు దొరకదు. పని మళ్ళీ మునుపటిలాగే నడుస్తోంది. కానీ ప్రతి పొద్దునా మేటరు తీసుకునే ముందు ఆ ప్రశ్న అడుగుతుంది. ఒక్కరోజు కూడా మానలేదు. నేను రోజూ జవాబు రాస్తాను.