అక్క ఏడవని చోటు

చెల్లెలు పాత కోటు కుట్లు ఒక్కొక్కటిగా విప్పుతోంది. కుట్టు విప్పితే బట్ట మీద చిల్లులు వరసగా మిగులుతాయి. కొత్త మడత వాటిని కప్పేలా చూసుకోవాలి. ఏళ్ల తరబడి అదే పని. దుకాణం తెరవకముందు, పొద్దున్నే, నవలలు రాస్తుంది. రెండు అచ్చయ్యాయి. మూడోది సాయంత్రం ప్రెస్సాయన వచ్చి తీసుకెళ్లాలి.

దుకాణంలో రెండో కుట్టుమిషను అక్కది. మూడో నవల కూడా అక్క కథే, భర్త వదిలేసి వెళ్లిన కథ. చెల్లెలు పేరు మార్చింది, ఊరు మార్చింది, అక్కను ఆస్పత్రిలో నర్సును చేసింది. అక్క ఊ అంటేనే అచ్చుకిస్తానని మాటిచ్చి, చదవమని ఇచ్చింది.

మధ్యాహ్నం అక్క కాగితాల కట్టను బల్ల మీద ధబ్బున పడేసింది.

"ఈ నర్సు దారాన్ని పళ్లతో తెంపుతుందేమిటే? ఆస్పత్రిలో కత్తెర్లు కరువా?"

చెల్లెలు నాలిక కరుచుకుంది. అన్నీ మార్చి ఆ అలవాటొకటి మరిచిపోయింది.

"తీసేస్తాలే అక్కా."

"ఉండనీ, నవ్వొచ్చింది. కానీ మొగుడు వదిలిపోయిన రోజు ఈ మహాతల్లి గుమ్మం పట్టుకుని గుక్కపెట్టి ఏడ్చిందే, అదెక్కడిది? నేనెప్పుడు ఏడ్చాను?"

"నవల కదా, చదివేవాళ్ల మనసు కరగొద్దూ?"

"ఆ రోజు నేను మిషనుకి నూనె వేసుకుంటూ కూర్చున్నాను. ఏడ్చింది నువ్వు. నీ ఏడుపు తెచ్చి నాకు తొడిగితే ఎలాగే? ఇలాగైతే ఇవ్వకు."

ఆ పేజీ ఎంత సులువుగా వచ్చిందోనని చెల్లెలు అప్పట్లో మురిసిపోయింది. తన ఏడుపు కాబట్టే సులువుగా వచ్చింది. అక్క నోరు విప్పకుండా కూర్చున్న తీరు రాయడం కష్టం. అందుకే తప్పించుకుంది.

కోటు పక్కన పెట్టి కలం తీసింది. రాసింది, కొట్టేసింది, మళ్లీ రాసింది.

"కోటాయన వస్తే ఏం చెప్పను?" మిషను తొక్కుతూనే అడిగింది అక్క.

"రేపు రమ్మను."

పొద్దువాలుతుండగా కొత్త పేజీ అక్క చేతికిచ్చింది. అందులో గుమ్మం దగ్గర ఏడ్చింది నర్సు చెల్లెలు. నర్సు మాత్రం మర్నాటి డ్యూటీ బట్టలు ఇస్త్రీ చేస్తోంది.

"పెట్టె చల్లారిపోయినా రుద్దుతూనే ఉందా?" అంది అక్క.

"ఆఁ."

అక్క ఆ కాగితాన్ని కట్టలో పెట్టింది. "ఊ," అంది.

ప్రెస్సాయన గుమ్మంలో నిలబడి గడియారం చూసుకుంటున్నాడు. అక్క దారం లాగి పళ్లతో తెంపి ఇచ్చింది. చెల్లెలు దాంతో కాగితాలు కట్టి ఆయన చేతిలో పెట్టింది.